కథ లేని లఘుచిత్రంలో ఏమి చూడాలి?

కథ, పాత్రలు లేని ప్రయోగాత్మక లఘుచిత్రంలో అసలు ఏమి చూడాలని మీరు అడిగారు. నాకు ఈ సందేహం అమెరికా ప్రయోగాత్మక చిత్ర దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ 1963లో చేసిన ‘మోత్‌లైట్’ దగ్గర కలిగింది, అక్కడే తీరింది; కనుక ఆ ఒక్క చిత్రం గురించే రాస్తున్నాను.

దానికి ఆయన కెమెరా వాడలేదు. దీపాల దగ్గర చచ్చిపడిన పురుగుల రెక్కలను, పూరేకులను, గడ్డిపరకలను ఏరి, రెండు పారదర్శకమైన టేపుల మధ్య అతికించి, ఆ పట్టీ నుంచి 16 మిల్లీమీటర్ల ఫిల్ముపై ప్రింటు తీయించారు. నిడివి నాలుగు నిమిషాలకు మించదు, శబ్దం లేదు. మొదటిసారి లాప్‌టాప్‌లో చూసినప్పుడు నేను ఇది రెక్క, ఇది ఆకు అని పేర్లు పెట్టుకుంటూ కూర్చున్నాను. ఒక పేరు తట్టేలోపు ఎన్నో బొమ్మలు దాటిపోయేవి, చివరికి గోధుమరంగు మరకలు తప్ప ఏమీ గుర్తులేవు.

తరువాత ఒక్కొక్క ఫ్రేము, అంటే ఫిల్ములోని ఒక్కో నిశ్చలచిత్రం, దగ్గర ఆపుతూ చూశాను. ఈ ఫిల్ములో ఒక ఫ్రేము ఎత్తు సుమారు ఏడున్నర మిల్లీమీటర్లే కాబట్టి, అంగుళం పొడవున్న రెక్క మూడు ఫ్రేములకు పైగా పరచుకుంటుంది. సెకనుకు 24 ఫ్రేముల వేగంలో అది రెప్పపాటులో ముక్కలుగా వెళ్లిపోతుంది. మామూలు సినిమాలో పక్కపక్క ఫ్రేములు దాదాపు ఒకేలా ఉంటాయి కనుక, వాటిని కలిపి కదలికగా గ్రహించే పని మనకు తెలియకుండానే జరిగిపోతుంది. ఇక్కడ ఒక ఫ్రేముకూ మరుసటి దానికీ పొత్తు కుదరదు. పైగా మన కంటికి స్పష్టంగా ఆనేది చూపు మధ్యనున్న కొద్దిమేరే, ఆ చూపు సెకనుకు సుమారు మూడుసార్లు చోటు మారుతుంది. అంటే ఒకచోట నిలిచినంతలోనే ఎనిమిది ఫ్రేములు మారిపోతాయి. ఎక్కడ చూడాలో దర్శకుడు చెప్పడు, మనమే ఎంచుకోవాలి.

మూడోసారి చీకటి గదిలో పెద్ద తెరపై చూసినప్పుడు, దేని వెంటా పరుగెత్తకుండా తెర ఎడమ అంచు మీదే చూపు నిలిపాను. అప్పుడు మాత్రమే రెక్కల్లోని ఈనెలు, వెలుగు వాటి గుండా వచ్చేచోట తేనెరంగు, దళసరి భాగాల దగ్గర నలుపు విడివిడిగా తెలిశాయి. పక్కనే కూర్చున్న మిత్రుడు కుడివైపు చూశాడట. అతడు చెప్పిన పూరేకు నేను చూడనేలేదు.

అందుకే ఇలాంటి చిత్రాన్ని ఫోనులో చూడవద్దని గట్టిగా చెబుతాను. గది చీకటి చేసి, వరుసగా మూడుసార్లు, ప్రతిసారీ చూపు వేరొకచోట నిలిపి చూడండి. మూర్ఛ వ్యాధి ఉంటే మాత్రం ఇంత వేగంగా మినుకుమినుకుమనే చిత్రాలకు దూరంగా ఉండండి.