చందమామకు ఊఁ కొట్టేటోళ్లు

బిడ్డా,

నీ కథ చదివిన, రెండుసార్లు. మొదలు ఫోన్ల, మల్లొకసారి ప్రింట్ తీయించుకోని భద్రకాళి చెరువు కట్ట మీద కూసోని. మనుషులు చెప్పుకున్న కథలన్ని మీదికి పోయి, ఒకదాని మీదొకటి పేరుకోని చందమామ అయిందన్న ఆలోచన మస్తుగున్నది, దాన్ని ఇడ్సిపెట్టకు. కానీ నీ చంద్రుడు నాకు చల్లగ తాకలే, ఏం తక్కువైందా అని శానసేపు ఆలోచించిన. లక్షల కథలున్నయ్ అన్నవ్, చెప్పేటోళ్లు గూడ ఉన్నరు, వినేటోళ్లే లేరు బిడ్డా. కథ మొత్తంల ఒక్కళ్లు గూడ ఊఁ అనలే.

మనకాడ కథంటే ఊఁ కొట్టాలె గదా. హన్మకొండల మా పాత ఇంటి డాబా మీద నులక మంచమేసుకోని మా నాయినమ్మ చెప్పేది, ఒక ముక్క చెప్పి ఆగేది, మేం ఊఁ అంటేనే రెండో ముక్క. నిద్రొచ్చి మా ఊఁ ఆగిందా, కథ గూడ ఆడికే బంద్, రాజు కొడుకు అడివిల అట్లనే నిలబడి ఉండేటోడు. తెల్లారి లేవంగనే అడిగితే "పగటిపూట కథ చెప్తే మామ తొవ్వ తప్పుతడు" అనేది. జమ్మికుంట నుంచి బస్సుల వచ్చే మా మేనమామ గురించి అనుకునేటోడు మా అన్న. నేను చందమామ అనుకున్న, ఆయన గూడ మామనే గదా. నేను పగలు కథ అడిగిన కాబట్టే అమాసనాడు ఆయన తొవ్వ తప్పిండని, రాత్రంత ఎక్కడ తిరుగుతున్నడో అని ఏడ్చిన, నిజంగ ఏడ్చిన. నీ కథల చంద్రుడు చిక్కిపోతడు గని ఎందుకు చిక్కిండో నువ్వు చెప్పలే, నాకైతే కారణం ఈడ్నే కనిపిస్తది, కింద ఊఁ ఆగింది.

ఈ ముచ్చటనే నా మొదటి కథల రాసిన. ఒక పత్రికోళ్లు అచ్చేసిన్రు, సంతోషమే, కానీ తొవ్వ తీసేసి దారి పెట్టిన్రు, తప్పుతడును తప్పుతాడు చేసిన్రు, మా నాయినమ్మను బామ్మ చేసిన్రు. ఆమెకు చదువు రాదు, పక్కన కూసోని చదివి వినిపించిన. మొదటి పేజీ అంత ఊఁ, ఊఁ అన్నది. బామ్మ వచ్చినకాడ ఊఁ ఆగింది. నిద్రపోయిందేమో అని చూస్తే కండ్లు తెరిచే ఉన్నయ్. "గీమె ఎవలు బిడ్డా" అన్నది. నేనేం చెప్పాలె? నువ్వే అని అనలేకపోయిన.

అప్పట్నుంచి ఏది రాసినా గట్టిగ చదువుకుంట, ఆమె ఊఁ ఎక్కడ ఆగుతదో చూసుకుంట, నువ్వు గూడ గట్లనే చెయ్. నాల్గో పేజీల "ధవళ కాంతులు ప్రసరించాయి" అని రాసినవ్ చూడు, ఆడ ఆగుతది. ఎన్నెల పడ్డది అంటే సరిపాయె. నా రోజులు వేరే, ఇప్పుడు సెప్టెంబర్ 9న కాళోజీ పుట్టినరోజును తెలంగాణ భాషా దినోత్సవమని సర్కారే చేస్తున్నది, మన మాట రాసినందుకు నిన్ను ఎవ్వలేమంటరు? అయినా నువ్వు రాసిన మాట మీద ఎవలో గీత కొట్టేస్తరన్నట్టు భయపడుకుంట రాసినవ్.

ఇంకోటి. నీ చంద్రుని నిండ రాజులు, రాణులు, రుషులే ఉన్నరు. అసలు చంద్రుడు ఎప్పుడు ఒక్క మొఖమే మన దిక్కు పెడ్తడు, అవతలి మొఖం 1959ల సోవియట్ వాళ్ల లూనా-3 ఫోటోలు తీసి పంపేదాంక మనిషన్నోడు ఎవ్వడు చూడలే. కథల చంద్రునికి గూడ అవతలి మొఖం ఉండాలె గదా. చేర్యాలకు ఒకసారి పోయిరా, మొన్న 2016ల సిద్దిపేటల కలిపిన్రు గని అంతకుముందు మన వరంగల్ జిల్లానే. ఆడ నకాశీ పటాలు చూడు, బట్టకు చింతగింజల అంబలి, సుద్ద పూసి, వెనక ఎర్ర రంగు పెట్టి బొమ్మలేస్తరు, 30 అడుగులు దాటిన పటాలు గూడ ఉంటయ్, చుట్ట విప్పుకుంట విప్పుకుంట కథ చెప్తరు. ఏ కులం కథ ఆ కులానిది, చెప్పేటోళ్లు వేరే. పద్మశాలోళ్లకు కూనపులోళ్లు, గొల్లోళ్లకు మందెచ్చులోళ్లు, మాదిగోళ్లకు డక్కలోళ్లు వచ్చి జాంబపురాణం చెప్తరు. ఆ పురాణాలల్ల లోకం పుట్టుడు వేరేతీరుగ ఉంటది, మనం బడిల ఎన్నడన్న చదివినమా? అవన్ని నీ చంద్రుని మీద ఏడ పెట్టినవ్? సంక్రాంతికి ఐనవోలు మల్లన్న జాతరకు గూడ పో, ఒగ్గు కథ చెప్పే ఒగ్గోళ్లు పట్నమేసి, అంటే నేల మీద రంగుల ముగ్గేసి, కథ చెప్తుంటే చూడు, పెద్ద కథకుడు మాట అంటుండంగనే పక్కోడు అందుకుంటడు, డోలు అందుకుంటది, ఒక్కడే చెప్పే కథ గాదది.

ఇగ నాకు అన్నిటికన్న ముఖ్యమైనది చెప్త. పెత్రమాస నాడు వేయిస్తంభాల గుడికాడ పండుగ మొదటి రోజు ఎంగిలిపూల బతుకమ్మ ఆడుతం గదా, నువ్వు గూడ ఆడినవ్. ఉయ్యాలో అని పాడినట్టే చందమామ అని గూడ అందుకుంటం, ఒకామె చరణం ఎత్తుతది, తిరిగేటోళ్లందరు వంగి చప్పట్లు కొట్టుకుంట చందమామ అంటరు. ఒక్కసారి ఆగి తలెత్తి మీదికి చూసినవా బిడ్డా? అది అమాస. మీద ఎవ్వలు లేరు. లేనోన్ని పిలుస్తున్నం, గునుగు, తంగేడు మధ్యల పెట్టుకోని, అంత గట్టిగ. రోజురోజుకు ఆడుకుంట ఆడుకుంట తొమ్మిదో నాటికి, సద్దులనాటికి, సగం చంద్రుడు వచ్చి నిలబడ్తడు. నువ్వు ఊహించి రాసిన కథల చంద్రుడు నాకైతే ఆ మొదటి రాత్రి మీద లేని ఆయనే. మన ఆడోళ్లు ఎన్ని తరాల సంది ఆయన్ని పిలుస్తున్నరో, నువ్వు అంతరిక్షం దాంక పోయి వెతికినవ్.

అందుకే ఆ రాకెట్ సీన్ తీసెయ్యి, మంచిగనే రాసినవ్ గని తీసెయ్యి. పెత్రమాస రాత్రి ఆ గుడి మైదానంల మొదలుపెట్టు, చిన్నపిల్లొకతి ఆట మధ్యల ఆగి మీదికి చూస్తది, ఎవ్వలు లేరు, పక్కనున్న ముసలామె చెయ్యి పట్టి గుంజి ఆగకు అంటది. ఆడికెల్లి నువ్వే చూసుకో. అయిదారు పేజీలు గాంగనే ఫోన్ చెయ్, పంపుడు వద్దు, చదివి వినిపియ్, నేను ఊఁ కొడ్త, ఆగినకాడ పెన్సిల్ తోని గీత పెట్టుకో. రాత్రి తొమ్మిది దాటినంకనే చెయ్, పగలు వద్దు.

నీ
పెద్దమ్మ