ఇండోనేషియాలో ఆన్‌లైన్ వీడియోలకు ఇంత ఆదరణ ఎలా వచ్చింది?

చవక ఫోన్లు, మొబైల్ డేటా ఒక కారణం. అంతకన్నా బలమైన కారణం భాష అని నా నమ్మకం.

అక్కడ టీవీ 1962లో, జకార్తా ఆసియా క్రీడలతో మొదలైంది. 1989 దాకా ప్రభుత్వ ఛానల్ ఒక్కటే దిక్కు. తర్వాత వచ్చిన ప్రైవేటు ఛానళ్లు ‘సినెట్రాన్’ అనే సీరియళ్లతో ఇళ్లను నింపాయి. కానీ ఆ కథలు ఎక్కువగా జకార్తావి, మాట జాతీయ భాషది. 700కు పైగా భాషలున్న దేశంలో మిగతావారి యాసకు, హాస్యానికి చోటేది? ఆ చోటు యూట్యూబ్ ఇచ్చింది. తూర్పు జావాలోని మలాంగ్ నగరానికి చెందిన బాయు స్కాక్ జావా భాషలోనే వీడియోలు చేసి పేరు తెచ్చుకున్నాడు. 2018లో అతను తీసిన ‘యోవిస్ బెన్’ సినిమాలోనూ సంభాషణలు చాలావరకు జావా భాషలోనే ఉంటాయి.

సంగీతానిదీ ఇదే దారి. అక్కడి జనాదరణ పొందిన సంగీత శైలి ‘డాంగ్‌డుట్’. ఆ పేరు డోలు మోత నుంచి పుట్టింది: ఒక దెబ్బకు ‘డాంగ్’, మరో దెబ్బకు ‘డుట్’. అందులో మన హిందీ సినిమా పాటల ఛాయలు స్పష్టంగా వినిపిస్తాయి. నగరవాసులు చాలాకాలం దీన్ని నాటుపాటగా చిన్నచూపు చూశారు. తూర్పు జావాలో పెళ్లి పందిళ్లలో పాడే ‘కోప్లో’ రకం మొదట వీడియో డిస్కుల్లో, తర్వాత యూట్యూబ్‌లో ఊరూరా చేరింది. అలా ఎదిగిన గాయని వియా వాలెన్ 2018 ఆసియా క్రీడల ప్రారంభోత్సవంలో పాడింది.

సినిమా కూడా నెట్ వైపు చూస్తోంది. 2019లో ట్విట్టర్‌లో విడతలుగా వచ్చిన ఒక దెయ్యం కథ 2022లో సినిమాగా వచ్చి, అప్పటిదాకా ఉన్న వసూళ్ల రికార్డులను తిరగరాసింది.