తాడు ఎవరి చేతిలో ఉంది?

నల్లగొండ

బిడ్డా,

నీ కథ అందింది. రాత్రే చదివాను. చదివాక కోపమొచ్చింది, అందుకే ఇంత తొందరగా జవాబు రాస్తున్నాను. నచ్చి ఊరుకుని ఉంటే ఈ ఉత్తరానికి నెల పట్టేది.

కోపం ఎక్కడొచ్చిందో ముందు చెప్తాను. చివరి పేజీలో, 1948 సెప్టెంబర్ 17 పొద్దున, గుడి ముందు ముసలి తాత గంట తాడు పట్టుకుని నిలబడి ఉంటాడు. మనవడు పొలిమేర నుంచి ఉరుకుతూ వచ్చి "కొట్టు తాతా, కొట్టు!" అని అరుస్తాడు. గంట మోగుతుంది, ఊరు ఊరంతా ఏడుస్తుంది, కథ అయిపోతుంది. ఈ తాతామనవళ్లు నాకు పాత పరిచయమే. వాళ్ల సొంతూరు అమెరికాలోని ఫిలడెల్ఫియా. పుట్టించినవాడు జార్జ్ లిప్పార్డ్ అనే కథకుడు, 1847లో. 1776 జులై 4న ఒక ముసలాయన అమెరికా స్వాతంత్ర్యం ప్రకటించారన్న కబురు కోసం గంట దగ్గర కాచుకుని ఉన్నాడనీ, కింద నుంచి పిల్లవాడు కేకేస్తే గంట కొట్టాడనీ కల్పించాడు. జనం అది నిజమే అనుకున్నారు. చరిత్ర పుస్తకాల్లోకి ఎక్కింది, ఎక్కడెక్కడో తిరిగి నీ దాకా వచ్చింది. నువ్వు కాపీ కొట్టావనడం లేదు. ఎవరో ఏడ్చిన ఏడుపు నువ్వు ఏడ్చావంటున్నాను.

అసలు గంట సంగతి విను. 1751లో పెన్సిల్వేనియా అసెంబ్లీ వాళ్లు తమ భవనం కోసం లండన్‌లోని వైట్‌చాపెల్ కార్ఖానాకు ఆర్డరు పెట్టారు. మరుసటి ఏడు ఓడ మీద వచ్చింది. ఎలా మోగుతుందో చూద్దామని ఒక దెబ్బ వేస్తే పగిలింది. పాస్, స్టో అనే ఇద్దరు స్థానిక పనివాళ్లు దాన్ని కరిగించి 1753లో మళ్లీ పోతపోశారు. బరువు దాదాపు 940 కిలోలు. దాని పని సభ్యుల్ని సమావేశానికి పిలవడం. జులై 4న అది మోగిందనడానికి ఆధారం లేదు. స్వాతంత్ర్య ప్రకటనను జనం ముందు మొదట చదివిందే 8న. "లిబర్టీ బెల్" అన్న పేరు కూడా అప్పటిది కాదు. 1830లలో బానిసత్వం రద్దు కావాలని పోరాడినవాళ్లు పెట్టారు. గంట చుట్టూ బైబిల్ వాక్యం పోసి ఉంది, దేశంలో ఉన్నవాళ్లందరికీ స్వేచ్ఛ చాటించమని. అదే ఊళ్లో మనుషుల్ని కొన్నారు, అమ్మారు. "అందరికీ అని రాసుకున్నారు కదా, మరి వీళ్లెవరు?" అని గంటను చూపించి నిలదీశారన్నమాట. ఆ తర్వాత, 1846లో, వాషింగ్టన్ పుట్టినరోజుకు కొడుతుంటే పగులు పెరిగి పూర్తిగా మూగబోయింది.

ఇదంతా నీకు జనరల్ నాలెడ్జ్ కోసం చెప్పడం లేదు. నాకొక పిచ్చి ఉంది, నన్నెరిగిన వాళ్లందరికీ తెలుసు. కథలో గంట మోగితే చాలు, తాడు ఎవరి చేతిలో ఉందని అడుగుతాను. ఎవరు పోయించారు, ఎవరు కొడతారు, కొడితే ఎవరు లేవాలి, లేవకపోతే ఏమవుతుంది. గంట పుట్టింది హుకుం కోసం. లే, కూర్చో, దండం పెట్టు, పనికి పో. జైల్లో మోగింది, మిల్లులో మోగింది, బడిలో మోగింది. దాన్ని స్వేచ్ఛ చేయాలంటే ముందు ఆ హుకుం నీ కథలో వినపడాలి.

క్యూబాలో లా దెమహాగ్వా అని ఒక చెరకు మిల్లు. యజమాని కార్లోస్ మాన్యుయెల్ దె సెస్పెదెస్. బానిసల్ని చెరకు తోటల్లోకి తోలే గంట ఒకటి ఉండేది అక్కడ. 1868 అక్టోబర్ 10న ఆయన అదే గంట మోగించి, తన బానిసల్ని పోగుచేసి, మీరిక స్వతంత్రులు, స్పెయిన్ మీద యుద్ధానికి నాతో రండి అన్నాడు. క్యూబా స్వాతంత్ర్య యుద్ధం అక్కడే మొదలైంది. ఇప్పుడు చెప్పు, కథ ఎక్కడుంది? నువ్వైతే గంట నాదం దగ్గర మొదలుపెడతావు. నేనైతే ఆ గంట విని పాకలోంచి లేచినవాడి దగ్గర మొదలుపెడతాను. మొదటి దెబ్బకు వాడికి తెలియదు కదా! రోజూలాగే పనికి పిలుస్తున్నారని కత్తి వెతుక్కుంటూ లేచి ఉంటాడు. పోయి నిలబడితే దొర తమ్ముడూ అంటాడు. గంట అదే, కొట్టించిన దొర కూడా ఆ దొరే. ఆ నిమిషంలో వాడి ముఖం ఎలా ఉంటుంది? సంతోషమేనా? అది రాయి, నేను నీ ఇంటికొచ్చి దండ వేస్తాను.

పాలకులకు ఈ తాడు సంగతి రచయితల కంటే బాగా తెలుసు. రష్యాలో నోవ్‌గొరోద్ జనం గంట కొట్టుకుని సభ కూడేవారు. మూడో ఇవాన్ 1478లో ఊరిని లొంగదీసుకుని ముందుగా చేసిన పనుల్లో ఆ గంటను విప్పించి మాస్కోకు తరలించడం ఒకటి. ఉగ్లిచ్ గంట కథ ఇంకా విచిత్రం. 1591లో చిన్న యువరాజు చనిపోయినప్పుడు అది మోగింది, జనం తిరగబడ్డారు. దానికి శిక్షగా గంట నాలుక పీకి, చెవి తెంపి సైబీరియాలోని తొబోల్స్క్‌కు పంపారు. గంటకు ప్రవాస శిక్ష! తిరిగి సొంతూరు చేరింది 1892లో. అమెరికాలో ఆడవాళ్లు గంట నోరు మూయించడాన్నే తిప్పి వాడుకున్నారు. 1915లో లిబర్టీ బెల్ లాంటిదే ఇంకొకటి పోయించి, నాలుకను గొలుసుతో కట్టేసి ఊరూరా తిప్పారు. మాకు ఓటు వచ్చేదాకా ఇది మోగదన్నారు. 1920లో ఓటు హక్కు వచ్చాకే మోగింది. మెక్సికోలో ఇదాల్గో అనే ఫాదరీ 1810 సెప్టెంబర్ 16 తెల్లవారుజామున దోలోరెస్ చర్చి గంట కొట్టి తిరుగుబాటు మొదలుపెట్టాడు. ఆ గంట ఇప్పుడు రాజధానిలో ప్రెసిడెంట్ భవనం మీద ఉంది. ఏటా పండగ రాత్రి ప్రెసిడెంటే మోగిస్తారు. తాడు ఎక్కడికి పోయి చేరిందో చూశావా?

మనదాంట్లో ఇంత ఆలోచించినవాడు కవి జాషువా. గుడి, దేవుడు, లోపలికి రానివ్వని మనిషి, అన్నీ ఉన్నాయి ఆయన దగ్గర. ఇంకొకడైతే గంట దగ్గరికి పోయేవాడు. ఆయన పైకప్పుకు వేలాడే గబ్బిలాన్ని పట్టుకున్నాడు. గుడిలోకి ఆ మనిషికి లేని దారి దానికి ఉంది కనుక, దేవుడి చెవిలో వాడి గోడు చెప్పగలిగింది అదే కనుక. 'గబ్బిలం', 1941 నాటి పుస్తకం. నువ్వు చదివే ఉంటావు, ఈసారి గంట కోసం వెతుకుతూ చదువు.

ఇక నీ గంట. ఆ ఊళ్లో గుడి గంట ఎవరు కొట్టేవారు? ఎవరు ముట్టుకోవడానికి లేదు? ఆ లేని వాళ్లంతా 17న ఆ గంట విని ఏడ్చారంటే నేను నమ్మను. పైగా పొద్దున అన్నావు. నిజాం లొంగిపోయిన కబురు బయటికొచ్చింది సాయంత్రం. నిజాం సైన్యం లాంఛనంగా లొంగింది 18న. అది కూడా వదిలేస్తాను. ఆ తర్వాత సంగతి? పారిపోయిన దొరలు ఇండియా సైన్యం వెనక మళ్లీ ఊళ్లలోకి దిగారు, టోపీలు మార్చుకుని. సాయుధ పోరాటం 1951 అక్టోబర్ దాకా నడిచింది. మా నల్లగొండ జిల్లాలో ఎన్ని ఇళ్లలో మగవాళ్లు అప్పటికీ అడవిలో ఉన్నారో, జైల్లో ఉన్నారో మీ తాతమ్మను అడుగు. బతికి ఉంది కదా, నువ్వే రాశావు. జులై 4 అంటే నీకు ఫిలడెల్ఫియా గుర్తొచ్చింది. నాకు కడివెండి. 1946లో అదే రోజున విసునూరు దేశ్‌ముఖ్ మనుషుల తూటాకు దొడ్డి కొమరయ్య పడిపోయాడు. జనగామ తాలూకా అప్పుడు మన జిల్లాలోదే.

మన ఊళ్లలో హుకుం వచ్చింది డప్పు మీద. వెట్టికి రమ్మని దొర మాట చాటింపు వేసింది డప్పే. దొరల మీద తిరగబడ్డ సంఘం పాటకు దరువేసిందీ డప్పే. వేసిన చేతులూ అవే. సుద్దాల హనుమంతు గొల్లసుద్దులు ఎత్తుకున్నాడు, ఆ గజ్జెల చప్పుడు జనానికి జాతర్లలో అలవాటైంది కనుక. ఇంత సరుకు కాళ్ల దగ్గర పెట్టుకుని గోపురం గంట ఎందుకు వెతుక్కున్నావమ్మా?

ఎందుకో నాకు తెలుసు. గంట అయితే పత్రికల వాళ్లు వేస్తారు. మా ఊరి సర్కారు బడిలో గంటంటే వేపచెట్టుకు వేలాడదీసిన రైలు పట్టా ముక్క. గోడ సందులో ఒక ఇనుప చువ్వ. ఆ చువ్వ పట్టుకోవడం మాకు పెద్ద హోదా. పెద్దసారు పటేలు కొడుక్కిచ్చేవాడు, పట్వారీ మేనల్లుడికిచ్చేవాడు, ఎప్పుడైనా నాకు. మాదిగవాడ పిల్లవాడొకడు అందరికంటే ముందొచ్చి ఆ చెట్టు కిందే కూర్చునేవాడు, వాడి చేతికి ఎప్పుడూ ఇవ్వలేదు. ఒకరోజు ఒంటేలు బెల్లు కూడా కాకముందే టంగుటంగుమని ఇంటి బెల్లు మోగింది. మేమంతా పలకలు చంకన పెట్టుకుని కేకలేస్తూ ఊళ్లో పడ్డాం. వాడు ఇంటికి పోలేదు. చువ్వ కింద పెట్టలేదు. సారు వచ్చేదాకా కొడుతూనే ఉన్నాడు.

అది కథ రాసి ఒక వారపత్రికకు పంపాను. స్టాంపుల కోసం బీడీలు మానేసిన రోజులవి. సంపాదకుడు వేశాడు. వేసేముందు వాడ పేరు తీసేశాడు, చువ్వ ఎవరెవరికి ఇచ్చేవారో ఆ పేరా కోసేశాడు, చివర "ఆ గంట స్వేచ్ఛానాదమై దిక్కులన్నీ మార్మోగింది" అని తన వాక్యం ఒకటి అతికించాడు. ఇప్పటికీ సభల్లో నన్ను పరిచయం చేసేవాళ్లు ఆ వాక్యమే చదువుతారు. పారితోషికం మాత్రం రాలేదు. ఇప్పుడు ఆ పని వర్క్‌షాపులు చేస్తున్నాయి. కథ చదవగానే ఇది దేనికి ప్రతీక అని అడుగుతారు. పంజరం, చిలుక, సంకెళ్లు, తూర్పున ఎరుపు. దేనికీ ప్రతీక కాని ఒక్క వస్తువు కూడా లేకుండా కథ నడిపిస్తారు. నీక్కూడా ఆ గాలి సోకింది.

నీ కథలో నేను రెండోసారి చదివిన చోటు ఒకటుంది. రెండో పేజీలో బడి అటెండరు వానాకాలంలో చువ్వకు పాత తువ్వాలు ముక్క చుట్టుకుంటుంది, లేకపోతే మోచేతి దాకా జిమ్ముమంటుందని. అది నువ్వు చూసి రాశావు. ఎక్కడా చదివింది కాదు. ఆమె మళ్లీ కథలో ఎందుకు రాలేదు? జీతం వస్తోందా, పర్మినెంటా, కాంట్రాక్టా? అందరికీ ఇంటి బెల్లు కొట్టి, తాళాలేసి తను ఏ టైముకు ఇల్లు చేరుతుంది? తాతనూ మనవడినీ ఫిలడెల్ఫియా బస్సెక్కించి ఆమెను పట్టుకో. సెప్టెంబర్ 17 కావాలంటే ఉండనీ, ఇప్పుడు ఆ రోజు బడిలో జెండా ఎగరేస్తారు కదా. ముందురోజు సాయంత్రం గ్రౌండు ఊడ్చేది ఎవరో చూడు.

పుస్తకం వేయాలా, ఏ పత్రికకు పంపాలి, ముందుమాట ఎవరితో రాయించుకోవాలి అని చాలా అడిగావు. వచ్చినప్పుడు మాట్లాడుకుందాం. రెండో కథ చదవలేదు. పేజీలకు నంబర్లు వేయలేదు నువ్వు, మా మనవరాలు కింద పడేసి కలిపేసింది. నంబర్లు వేసి ఇంకో కాపీ పంపు, కొరియర్ వద్దు, మామూలు పోస్టులోనే పంపు.

ఉంటాను.