మూకీ వేసే ముందు వేగం చూసుకో

బుజ్జమ్మా,

మీ కాలేజీలో ఇటలీ మూకీలు వేస్తున్నావని, పక్కన ఒకబ్బాయి వయొలిన్ వాయిస్తాడని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. సంతోషం ఒకపక్క, టెన్షన్ ఒకపక్క, రాత్రి సరిగ్గా నిద్రపట్టలేదు.

హాలు బాగా చీకటి చేయించు. ఫోన్లు ఆపించు. టైటిల్ కార్డులకి తెలుగు ముందే రాసి పెట్టుకో. ఇవన్నీ నీకు తెలిసినవే, నా భయమంతా వేగం గురించి.

ఫిల్మ్ సొసైటీ రోజుల్లో మేం ‘చెనెరె’ అనే ఇటలీ మూకీ వేశాం. 1916లో తీసింది, నలభై నిమిషాలు కూడా ఉండదు. రంగస్థలాన్ని ఏలిన ఎలియోనోరా డూజే నటించిన ఒకే ఒక్క సినిమా, అప్పటికి ఆవిడకి 57 ఏళ్లు. పెళ్లి కాకుండా కన్న కొడుకుని తండ్రి దగ్గరికి పంపేసిన తల్లి వేషం. ముఖం మనకి సరిగ్గా చూపించదు. నీడలో నిలబడుతుంది, తల తిప్పుకుంటుంది, ముసుగు దగ్గరికి లాక్కుంటుంది. ఆ తల్లి గుండెలో నలుగుతున్నదంతా ఆ చేతుల్లోనే, ఆ నీడలోనే ఉంది. అవి మెల్లగా కదలాలి. నేను ప్రొజెక్టర్ మీటని టాకీ వేగం మీదే వదిలేశాను, అంటే సెకనుకి 24 ఫ్రేములు, 24 బొమ్మలన్నమాట. ఆ కాలం మూకీలు కెమెరాని చేత్తో తిప్పుతూ చాలావరకు 16, 18 ఫ్రేముల దగ్గర తీసినవి. ఇంకేముంది, ఆవిడ చెయ్యి గబుక్కున లేచింది, తల కోడిపెట్టలా తిరిగింది. వెనక ఎవరో కిసుక్కుమన్నారు, ఆ తర్వాత హాలంతా నవ్వు. తప్పెక్కడుందో నాకు మొదటి నిమిషంలోనే తెలిసింది. ముందు వరసలో పెద్దమనుషులున్నారని ఆపడానికి జంకాను. కుమిలిపోతున్న తల్లిని చూపించి జనాన్ని నవ్వించాను తల్లీ. ఆ రాత్రి అన్నం సయించలేదు, మీ అమ్మమ్మ అడిగితే తలనొప్పన్నాను.

అందుకే ముందురోజే ఫైలు మొత్తం వేసి చూడు. మనుషుల నడక చూస్తే చాలు, తెలిసిపోతుంది. నెట్‌లో కొన్ని కాపీలు పరుగెడుతుంటాయి. తేడా వస్తే ఎవరున్నా సరే, ఆపెయ్.

‘రాప్సోడియా సతానికా’ కూడా వేస్తావట. ప్రేమ జోలికి పోనని దెయ్యానికి మాటిచ్చి యవ్వనం కొనుక్కున్న ముసలి దొరసాని కథ. ఆ వేషం వేసిన లీడా బొరెల్లి మేలిముసుగులు ఒంటికి చుట్టుకునే చోట మైకు పట్టుకుని అర్థాలు చెప్పకు, చూడనివ్వు. దానికి ఒపెరాలు కట్టిన మస్కాన్యి అంతటివాడు బొమ్మ కదలికకి తగ్గట్టు సంగీతం రాశాడు, నువ్వేమో ఆ వయొలిన్ అబ్బాయిని రిహార్సల్ లేకుండా కూర్చోబెడతావా? కనీసం మూడుసార్లు బొమ్మ ముందు వాయించి చూడమను.

కోప్పడ్డానని చిన్నబుచ్చుకోకు. ఈ సినిమాలు నీ చేతికి రావడం నాకెంత ఆనందమో మీ అమ్మకి కూడా చెప్పలేదు. నేనొస్తున్నాను. వెనక, ప్రొజెక్టర్ పక్కన ఒక కుర్చీ వేయించు.

మీ మావయ్య