రెండు మ్యాచ్‌లు గెలిచినా గ్రూపులోనే ఎందుకు ఆగిపోతారు?

మీ అమ్మాయి మొదటి టేబుల్ టెన్నిస్ టోర్నమెంటులో నలుగురి గ్రూపులో ఆడింది. మూడు మ్యాచ్‌లలో రెండు గెలిచింది. అయినా నాకౌట్‌కు వెళ్లలేదు, ఆమె చేతిలో ఓడిన అమ్మాయి మాత్రం వెళ్లింది. ఇది నిర్వాహకుల పొరపాటా, లేక నిజంగానే ఇలాంటి నిబంధన ఉందా అని మీరు అడిగారు.

నిబంధన ఉంది. నేను కూడా ఒకసారి సరిగ్గా ఇలాగే బయటికి వచ్చాను. ఆ రోజు గోడకు అంటించిన గ్రూపు పట్టిక ముందు చాలాసేపు నిలబడిపోయాను. తర్వాత కొన్నేళ్లు ఆడుతూనే, పోటీలకు స్కోరు రాసే పని, అంపైరింగ్ కూడా చేశాను. కాబట్టి రెండు వైపుల నుంచీ చెప్పగలను.

గ్రూపు లెక్క అర్థం కావాలంటే ముందు గేమ్ గురించి తెలియాలి. మాటల్లో చాలామంది సెట్ అంటారు, నిబంధనల్లో దాని పేరు గేమ్. ముందుగా 11 పాయింట్లు చేరినవారిది గేమ్. 10–10 అయితే ఎవరికైనా రెండు పాయింట్ల ఆధిక్యం వచ్చేదాకా ఆట సాగుతుంది. ఒక్కొక్కరు రెండేసి సర్వీసులు చేస్తారు, 10–10 తర్వాత మాత్రం ఒక్కోటి. 2001 వరకు గేమ్ 21 పాయింట్లకు ఉండేది, సర్వీసులు అయిదేసి చొప్పున మారేవి. ఈ మార్పుతో ఆట స్వభావమే మారింది. 21 పాయింట్ల గేమ్‌లో మొదటి నాలుగు పోయినా నెమ్మదిగా కోలుకునే వీలుండేది. ఇప్పుడు 0–4 అంటే గేమ్‌లో మూడో వంతు చేజారినట్టే. గ్రూపు మ్యాచ్‌లు సాధారణంగా అయిదు గేములవి, మూడు గెలిచినవారిది మ్యాచ్. పెద్ద పోటీల సింగిల్స్‌లో చివరి రౌండ్లకు వచ్చేసరికి ఏడు గేములు పెట్టి, నాలుగు గెలవాలంటారు.

ఇక గ్రూపు. మ్యాచ్ గెలిస్తే 2 పాయింట్లు. ఆడి ఓడితే 1. ఆడకపోయినా, మధ్యలో విరమించినా 0. ఓడినవారికి కూడా ఒక పాయింటు ఎందుకని కొత్తవాళ్లు ఆశ్చర్యపోతారు. నాకు మాత్రం ఇది న్యాయంగా అనిపిస్తుంది. నాకౌట్ ఆశ పోయాక కూడా చివరి మ్యాచ్‌కు వచ్చి నిలబడి పోరాడినవారికి, బ్యాగు సర్దుకుని వెళ్లిపోయినవారికి పట్టికలో తేడా ఉండాలి.

ఇద్దరి పాయింట్లు సమానమైతే చిక్కేమీ లేదు, వాళ్లిద్దరి మధ్య మ్యాచ్‌లో గెలిచినవారు పైన ఉంటారు. ముగ్గురు సమానమైనప్పుడే అసలు లెక్క మొదలవుతుంది. మీ అమ్మాయికి జరిగింది అదే.

నా గ్రూపులో ఒక ఎడమచేతి వాటం ఆటగాడు, ఒక డిఫెండర్, అప్పుడే ఆట నేర్చుకుంటున్న ఒక కుర్రాడు ఉన్నారు. గ్రూపు నుంచి ఇద్దరు ముందుకు వెళతారు. మొదటి మ్యాచ్‌లో కుర్రాడి మీద 3–0తో గెలిచాను. రెండోది ఎడమచేతి ఆటగాడితో. మొదటి రెండు గేములు నావే. మూడో గేమ్‌లో పట్టు సడలించాను. ఎలాగూ గెలుస్తాను కదా, తర్వాత డిఫెండర్‌తో ఆడాలి, కాళ్లకు కొంచెం విశ్రాంతి ఇద్దాం అనుకున్నాను. ఆ గేమ్ పోయింది, దాని వెనకే నాలుగోదీ పోయింది. అయిదోది గట్టిగా ఆడి 3–2తో బయటపడ్డాను. గెలుపు గెలుపే అనుకున్నాను. మూడో మ్యాచ్‌లో డిఫెండర్ టేబుల్‌కు దూరంగా నిలబడి, నేను కొట్టిన ప్రతి బంతినీ కోసి తిరిగి పంపుతూ నన్ను 3–0తో ఓడించాడు. చివరి మ్యాచ్‌లో ఎడమచేతి ఆటగాడు అదే డిఫెండర్‌ను 3–1తో ఓడించాడు.

ఇప్పుడు ముగ్గురికీ రెండేసి గెలుపులు, అయిదేసి పాయింట్లు. ఇలాంటప్పుడు ఆ ముగ్గురి మధ్య జరిగిన మ్యాచ్‌లను మాత్రమే చూస్తారు. నాలుగో ఆటగాడితో ఆడిన మ్యాచ్‌లు పక్కకు పోతాయి. కుర్రాడి మీద నేను సాధించిన 3–0 నన్ను కాపాడుతుందని నమ్ముకున్నాను, అది లెక్కలోకే రాలేదు. ముగ్గురి మధ్య కూడా మ్యాచ్ పాయింట్లు సమానమే కాబట్టి, గెలిచిన గేములను ఓడిన గేములతో భాగిస్తారు. డిఫెండర్ నాలుగు గెలిచి మూడు ఓడాడు, 1.33. ఎడమచేతి ఆటగాడు అయిదు గెలిచి నాలుగు ఓడాడు, 1.25. నేను మూడు గెలిచి అయిదు ఓడాను, 0.6. వాళ్లిద్దరూ ముందుకు వెళ్లారు. నేను ఓడించిన మనిషి నాకౌట్‌కు సిద్ధమవుతుంటే నేను బెంచీ మీద కూర్చుని బూట్లు విప్పుకున్నాను.

ఇది తీసివేత లెక్క కాదు, భాగహారం. తేడా తీసి చూస్తే వాళ్లిద్దరికీ +1 వస్తుంది, మొదటి స్థానం ఎవరిదో తేలదు. స్కోరు బల్ల దగ్గర కూర్చునేవారు కూడా ఇక్కడ తడబడటం నేను చూశాను. గేముల నిష్పత్తి కూడా సమానమైతే ఇదే పద్ధతిలో, ఆ గేముల్లో గెలిచిన, ఓడిన పాయింట్ల నిష్పత్తి తీస్తారు. అదీ సమానమైతే చీటీయే. మధ్యలో ఏ దశలోనైనా ఒకరి స్థానం తేలిపోయి ఇద్దరు మిగిలితే, తేలినవారి మ్యాచ్‌లను తీసేసి ఆ ఇద్దరి మధ్య ఫలితం మాత్రమే చూస్తారు.

ఇంటికి వచ్చాక కాగితం మీద ఆ లెక్క మళ్లీ మళ్లీ వేశాను. ఎడమచేతి ఆటగాడిని 3–2 బదులు 3–0తో ఓడించి ఉంటే నా నిష్పత్తి 1, అతనిది 0.75 అయ్యేది, రెండో స్థానం నాది. 3–1 అయినా సరిపోయేది కాదు. అంటే విశ్రాంతి కోసం నేను వదిలేసిన మూడో గేమే నన్ను ఇంటికి పంపింది. అప్పటి నుంచి గ్రూపు మ్యాచ్‌లో 2–0 ఆధిక్యంలో ఉన్న పిల్లలను చూస్తే, మూడో గేమ్‌కు ముందు వాళ్లకు ఈ సంగతి ఎవరైనా చెప్పారా లేదా అని మనసు ఆగదు.

నాకౌట్‌లో ఈ లెక్కలేవీ ఉండవు, ఓడితే అంతే. అక్కడ ముఖ్యమైనది డ్రా, అంటే ఎవరు ఎవరితో ఆడాలో చూపే పట్టిక. పోటీకి ముందే బలమైనవారిగా గుర్తించి వరస ఇచ్చిన ఆటగాళ్లను సీడ్‌లు అంటారు. మొదటి సీడ్ పట్టికలో పైన, రెండో సీడ్ అడుగున ఉంటారు కాబట్టి ఫైనల్‌కు ముందు వాళ్లు తలపడరు. మూడు, నాలుగు సీడ్‌లు ఏ సగంలోకి వెళ్లాలో చీటీ తీస్తారు. డ్రాలో స్థానాలు 8, 16, 32 ఇలా రెట్టింపవుతూ పోతాయి. పదకొండు మందే ఉంటే 16 స్థానాల డ్రాలో అయిదు ఖాళీలు మిగులుతాయి, వాటికి ఎదురుగా ఉన్నవారికి బై వస్తుంది, అంటే మొదటి రౌండు ఆడనక్కర్లేదు. బైలు పై సీడ్‌లకే ముందుగా ఇస్తారు. ఒకే గ్రూపులో మొదటి, రెండో స్థానాల్లో నిలిచినవారిని వేర్వేరు సగాల్లో వేస్తారు, వెంటనే మళ్లీ ఎదురుపడకుండా. అంతర్జాతీయ పోటీల్లో సీడింగ్‌కు ఆధారం ప్రపంచ ర్యాంకింగ్.

టీమ్ పోటీలు వేరే పద్ధతి. ఎక్కువగా కనిపించేది ముగ్గురేసి ఆటగాళ్లతో అయిదు సింగిల్స్ వరకు సాగే పద్ధతి, మూడు గెలిచిన జట్టుది విజయం. టోక్యో, పారిస్ ఒలింపిక్స్ టీమ్ పోటీల్లో డబుల్స్‌తో మొదలుపెట్టారు. మీ అమ్మాయి అక్కడికి వచ్చినప్పుడు వివరంగా రాస్తాను.

అంపైర్ కుర్చీలో కూర్చున్నప్పుడు కొత్తవారు ఎక్కువగా తడబడటం చూసిన చోటు చివరి గేమ్, అంటే 2–2 అయ్యాక ఆడే అయిదోది. అందులో ఎవరైనా 5 పాయింట్లకు చేరగానే వైపులు మారాలి. మరిచిపోతే గుర్తొచ్చిన వెంటనే మారతారు, అప్పటిదాకా వచ్చిన పాయింట్లు అలాగే ఉంటాయి. కాబట్టి కంగారు అక్కర్లేదు. ప్రతి ఆరు పాయింట్లకు ఒకసారి తువాలు తీసుకోవచ్చు. మ్యాచ్ మొత్తానికి ఒక్కొక్కరికి ఒక టైమవుట్ ఉంటుంది, గరిష్ఠంగా ఒక నిమిషం. దాన్ని వాడుకోకుండానే ఓడిపోయే పిల్లలే ఎక్కువ. ప్రత్యర్థి వరసగా నాలుగైదు పాయింట్లు తీసుకుంటున్నప్పుడు రెండు చేతులతో T గుర్తు చూపి టైమవుట్ అడగమని చెప్పండి. 2016 నుంచి ర్యాలీ జరుగుతున్నప్పుడు, అంటే బంతి ఆటలో ఉన్నప్పుడు తప్ప, ఆట ఆలస్యం కానంతవరకు కోచ్ సలహా చెప్పవచ్చు. అంతకుముందు గేముల మధ్య విరామంలో, టైమవుట్‌లో మాత్రమే ఆ వీలుండేది.

డిఫెండర్ ఎదురైతే తెలిసి ఉండాల్సింది ఇంకొకటి ఉంది. ఒక గేమ్ పది నిమిషాలు సాగినా ఇంకా పూర్తికాకపోతే, ఇద్దరివీ కలిపి 18 పాయింట్లు కూడా రాకపోతే ఎక్స్‌పెడైట్ నిబంధన అమలవుతుంది. అప్పటి నుంచి సర్వీసు ఒక్కోటి చొప్పున మారుతుంది, సర్వీసు అందుకునేవారు 13 సార్లు బంతిని సరిగ్గా తిరిగి పంపితే పాయింటు వారిదే. 1936లో ప్రేగ్‌లో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో పోలండ్‌కు చెందిన ఎర్లిఖ్, రొమేనియాకు చెందిన ఫర్కాస్ మధ్య మ్యాచ్‌లో మొదటి పాయింటే రెండు గంటలకు పైగా సాగింది. ఇలాంటి నిబంధన ఎందుకు అవసరమైందో ఆ ఒక్క పాయింటు చాలు చెప్పడానికి.

మళ్లీ మీ సంగతికి వస్తాను. మీ అమ్మాయి గ్రూపులో రెండేసి గెలుపులున్న ముగ్గురి మధ్య జరిగిన మూడు మ్యాచ్‌ల స్కోర్లు గేములవారీగా తీసుకోండి. నాలుగో అమ్మాయిని పక్కన పెట్టి, పైన చెప్పినట్టు భాగించి చూడండి. సరిపోతే నిర్వాహకులు చేసింది సరైనదే. ఇకమీదట గ్రూపు ముగిసిన వెంటనే ఈ లెక్క అక్కడే వేసుకోండి. ప్రతి స్కోరుషీటులో గేముల స్కోర్లు సరిగ్గా ఉన్నాయో లేదో మీ అమ్మాయినే చూసుకోమనండి. తేడా కనిపిస్తే అడగాల్సింది టేబుల్ దగ్గరి అంపైర్‌ను కాదు, పోటీ మొత్తానికి బాధ్యత వహించే రిఫరీని. అది కూడా నాకౌట్ మొదటి మ్యాచ్ మొదలుకాకముందే.