ఛానల్ చరిత్ర రాయాలంటే నెల డబ్బు కట్టినవాళ్లని వెతుకు

నాయనా,

తిరుపతి నుంచి నువ్వు పంపిన హెచ్‌బీఓ చరిత్ర, ఆ అమెరికా చందా ఛానల్ చరిత్ర, అందింది, మొత్తం చదివాను. బాగా కష్టపడ్డావు, తేదీలు ఎక్కడెక్కడివో వెతికి తెచ్చావు, నాకు చాలా సంతోషమైంది. కానీ సూటిగా ఒక మాట చెప్పాలి. నువ్వు రాసినదాంట్లో ఏ ఏడు ఏ సీరియల్ వచ్చింది, ఎన్ని అవార్డులు గెలిచింది, కంపెనీ ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి పోయింది, ఇవన్నీ ఉన్నాయి. నెలనెలా డబ్బు కట్టించుకుని బతికిన ఛానల్ గురించి ఇన్ని పేజీలు రాస్తూ, ఆ డబ్బు కట్టిన మనిషి మాత్రం ఒక్కచోట కూడా కనబడలేదు. ప్రకటనలతో నడిచే ఛానల్ చరిత్ర వేరే రకంగా రాయొచ్చేమో గానీ చందా ఛానల్ చరిత్ర మాత్రం కట్టినవాళ్ల చరిత్ర, ఇంకా చెప్పాలంటే కట్టడం మానేసినవాళ్ల చరిత్ర.

"1972 నవంబరు 8న పెన్సిల్వేనియాలోని విల్క్స్-బారీలో ప్రసారాలు మొదలయ్యాయి" అని ఒక్క వాక్యంలో దాటేశావే, అక్కడ ఆగు. ఆ రాత్రికి డబ్బు కట్టిన ఇళ్లు 365. మన తిరుపతి కొర్లగుంటలోనో బైరాగిపట్టెడలోనో ఒక చిన్న కేబుల్ ఆయనకి అన్ని కనెక్షన్లు ఉంటాయి. పైగా ఆ ఊరు ఆ జూన్‌లోనే ఆగ్నెస్ తుపాను వరదకి ఘోరంగా దెబ్బతింది. మొదట అనుకున్నది అసలు ఆ ఊరు కాదు, ఆలెన్‌టౌన్. అక్కడ బాస్కెట్‌బాల్ ప్రసారాలకి హక్కుల అడ్డు వచ్చింది కాబట్టి విల్క్స్-బారీకి మార్చారు. మొదటి కార్యక్రమం న్యూయార్క్ నుంచి వచ్చిన ఐస్ హాకీ మ్యాచ్, రేంజర్స్‌కీ వాంకూవర్ కానక్స్‌కీ మధ్య. ఆ తర్వాత ఒక సినిమా. వరదలో ఇల్లు పాడైన ఊళ్లో, ఊరికే వచ్చే టీవీ ఉండగా, హాకీ ఆటకీ సినిమాకీ అదనంగా డబ్బు కట్టడానికి ఆ 365 ఇళ్లు ఎందుకు ఒప్పుకున్నాయి? ఈ ప్రశ్నతో మొదలుపెడితే నీ పుస్తకాన్ని చదివేవాడు కింద పెట్టడు.

ఇంకో విషయం. "ప్రపంచంలో మొట్టమొదటి పే టీవీ" అని రాశావు, అది కొట్టేయి. 1951లోనే జెనిత్ కంపెనీ షికాగోలో ఫోన్‌విజన్ అని 300 ఇళ్లలో ప్రయోగం చేసింది, బొమ్మ చెదిరిపోయి కనిపించేది, కావాలంటే ఫోన్ చేసి అడగాలి, టెలిఫోన్ లైను మీద వచ్చే సంకేతంతో అది సరిగ్గా కనబడేది, డబ్బు ఫోన్ బిల్లులో పడేది. 1964లో కాలిఫోర్నియాలో ఏం జరిగిందో చూడు, డబ్బు కట్టి చూసే టీవీ వద్దని సినిమా హాళ్లవాళ్లు గట్టిగా ప్రచారం చేస్తే జనం ఓటేసి మరీ దాన్ని నిషేధించారు, రెండేళ్ల తర్వాత ఆ రాష్ట్ర సుప్రీంకోర్టు ఆ నిషేధాన్ని కొట్టేసింది. అంటే హెచ్‌బీఓ కంటే ముందు ఎంతమంది ప్రయత్నించి ఆగిపోయారో చెప్తేనే హెచ్‌బీఓ మొదలుపెట్టిన ఛార్లెస్ డోలన్ చేసిన పని విలువ తెలుస్తుంది. "మొట్టమొదటి" అనే మాట రాయాలనిపించిన ప్రతిసారీ దానికి ముందు ఎవరున్నారో వెతుకు, దాదాపు ఎప్పుడూ ఎవరో ఒకరు ఉంటారు.

తేదీల దగ్గర కూడా జాగ్రత్త. ఉపగ్రహం ద్వారా హెచ్‌బీఓ మొదటి ప్రసారం, అలీ ఫ్రేజియర్‌ల మనీలా బాక్సింగ్ పోటీ, 1975 అక్టోబరు 1 అని వేశావు. మనీలాలో అక్టోబరు 1 ఉదయం, అమెరికాలో సెప్టెంబరు 30 రాత్రి. చూసినవాళ్లు అమెరికాలో ఉన్నారు కాబట్టి నీ పుస్తకానికి సెప్టెంబరు 30 కావాలి, పక్కనే మనీలా సంగతీ రాయి. ఆ రోజు ఎందుకు ముఖ్యమో మాత్రం నువ్వు రాయలేదు. అంతవరకూ కొండల మీద మైక్రోవేవ్ టవర్లు పెట్టుకుంటూ ఊరి నుంచి ఊరికి సిగ్నల్ మోసుకెళ్లాలి, టవర్ చేరినంత మేరే ఛానల్. ఉపగ్రహం ఎక్కాక దేశంలో ఏ మూల కేబుల్ ఆపరేటరైనా డిష్ పెట్టుకుంటే చాలు. కట్టేవాళ్లు లక్షల్లోకి పెరగడానికి దారి అదే. దానికి తోడు 1977లో ఒక కోర్టు తీర్పు ఉంది, అంతకుముందు పే కేబుల్‌లో ఎన్నేళ్ల కిందటి సినిమాలు, ఏ ఆటలు వేయాలో అమెరికా ప్రభుత్వ సంస్థ ఆంక్షలు పెట్టింది, ఆ తీర్పు వాటిని ఎత్తేసింది. నీ డ్రాఫ్టులో ఈ తీర్పు ఊసే లేదు. సీరియళ్లకి పది పేజీలిచ్చావు, దీనికి కనీసం ఒక పేజీ ఇవ్వు.

మానేసినవాళ్ల సంగతి. వేసిన సినిమానే నెలలో మళ్లీమళ్లీ వేస్తే ఎవరు కడతారు? ఎనభైల మధ్యలో వీసీఆర్ ఇళ్లలోకి వచ్చి, కావలసిన క్యాసెట్ అద్దెకి తెచ్చుకోవడం సులువయ్యేసరికి సినిమాల మీదే బతికే ఛానల్‌కి టెన్షన్ మొదలైంది. 1986 జనవరిలో సిగ్నల్‌కి తాళం వేశారు, ఇంటి వెనక పెద్ద డిష్ పెట్టుకుని ఊరికే చూస్తున్నవాళ్లు కూడా కట్టాల్సి వచ్చింది. ఆ ఏప్రిల్ 27న, అర్ధరాత్రి దాటాక, ఫ్లోరిడాలోని ఒకాలాలో డిష్‌లు అమ్ముకునే ఒకతను, తను పనిచేసే ఉపగ్రహ కేంద్రం నుంచే హెచ్‌బీఓ ప్రసారం మీద తన సందేశం ఎక్కించాడు: నెలకి 12.95 డాలర్లా, కుదరదు! నాలుగున్నర నిమిషాలు అది దేశపు తూర్పు వైపు చందాదారుల తెరల మీద నిలిచింది. పట్టుకున్నారు, 5,000 డాలర్ల జరిమానా వేశారు. నువ్వు దీన్ని "ఆసక్తికర సంఘటనలు" అని చివర్లో పెట్టావు. తీసుకొచ్చి మధ్యలో పెట్టు. ఆ ఛానల్ చరిత్రంతటిలో కట్టేవాడి గొంతు ఛానల్ తెర మీదే వినిపించిన చోటు అది. ఇక్కడి నుంచి చూస్తే 1999లో వచ్చిన సోప్రానోస్ లాంటి సీరియళ్లకి కూడా కారణం దొరుకుతుంది. ఇంకెక్కడా దొరకనిది ఉంటేనే మనిషి వచ్చే నెల కూడా కడతాడు.

ఇక మన దేశం. "2000లో హెచ్‌బీఓ భారత్‌కు వచ్చింది, 2020 డిసెంబరు 15న ఆగిపోయింది" అని రాసి, జనం ఓటీటీలకి మళ్లారు కాబట్టి పోయిందన్నావు. అది సగమే. ఇక్కడ వచ్చింది ఆ పేరే గానీ ఆ వ్యాపారం కాదు. మధ్యలో ప్రకటనలు, కత్తిరించిన సినిమాలు, వేరే ఛానళ్లతో కలిపి బొకేలో, అంటే ఒకే ప్యాకేజీగా, అమ్మకం. ఎందుకలా అయిందంటే జవాబు అమెరికాలో లేదు, నీ వీధిలోనే ఉంది. పాత కేబుల్ రోజుల్లో ఇంటాయన నెలకి ఒక్క మొత్తం ఇచ్చేవాడు, అందులో ఏ ఛానల్‌కి ఎంతో ఆయనకి తెలీదు, ఆపరేటరు తన దగ్గర ఎన్ని కనెక్షన్లున్నాయో పైకి పూర్తిగా చెప్పేవాడు కాదు, కాబట్టి కట్టిన డబ్బులో ఛానల్ దాకా చేరేది తక్కువ. ప్రకటనలు లేకుండా ఎలా బతుకుతుంది? మన పక్కన చెన్నైలో 2003 సెప్టెంబరులోనే పే ఛానళ్లకి సెట్‌టాప్ బాక్సు తప్పనిసరి చేశారు. మనదాకా డిజిటల్ రావడానికి ఇంకా చాలా ఏళ్లు పట్టింది. 2013లో హెచ్‌బీఓ ప్రకటనలు లేని రెండు ఛానళ్లు తెచ్చింది, అవి కొన్నేళ్లకే ఆగిపోయాయి. దీనిమీద నీకొక అధ్యాయం ఉంది, నిజంగా నువ్వే రాయగలిగింది ఇదొక్కటే. మిగతాదంతా అమెరికావాళ్లు నీకంటే బాగా రాసి పెట్టారు.

కాబట్టి ఒక పని చెయ్యి. మీ కేబుల్ ఆయన దగ్గర కూర్చో. పాత రసీదు పుస్తకాలు ఉంటే చూపించమని అడుగు. 2019లో ట్రాయ్, అంటే కేబుల్ ధరల నిబంధనలు పెట్టే కేంద్ర సంస్థ, కొత్త ధరలు వచ్చినప్పుడు, 130 రూపాయలకి వంద ఛానళ్లు, జీఎస్టీతో కలిపి 153 రూపాయల 40 పైసలు, ఆపైన ఒక్కో పే ఛానల్‌కి విడిగా అన్నప్పుడు, ఎవరెవరు ఏవేవి తీసేయమన్నారో ఆయనకి గుర్తుంటుంది. మన పాత ఉమ్మడి చిత్తూరు మామూలు జిల్లా కాదు. చిత్తూరు, నగరి వైపు చాలా ఇళ్లలో తెలుగూ అరవమూ రెండూ కావాలి, కుప్పంలో కన్నడమూ కావాలి. అలాంటి ఇంటికి ఛానల్‌కి ఇంత అని విడిగా లెక్క పడితే ఇంగ్లీషు సినిమా ఛానల్ జాబితాలో ఎక్కడికి పోతుంది? ఊహించి రాయకు, వెళ్లి అడుగు. ఇంట్లో ఎవరు నిర్ణయించారో కూడా అడుగు, పిల్లలా, అమ్మలా, పెన్షన్ వచ్చే తాతలా. తిరుపతిలోనే దేవస్థానం ఛానల్ 2008 నుంచి నడుస్తోంది, దానికి నెల చందా లేదు, దాన్ని దేవస్థానం నిలబెడుతుంది. అది చూసే ఇంట్లోనే హెచ్‌బీఓ పెట్టించుకున్నవాళ్లూ ఉంటారు. వాళ్లతో మాట్లాడు, ఏది ఎందుకు ఉంచుకున్నారో వాళ్ల మాటల్లోనే రాసుకో, తర్వాత నీ భాషలోకి దిద్దొద్దు.

భాష గురించి పెద్దగా చెప్పను. "విప్లవాత్మక", "అప్రతిహత", "సంచలన" ఇవి కనబడిన చోటల్లా తీసేయి, వాక్యానికి ఏం నష్టం రాదు. డాలర్లని రూపాయల్లోకి మార్చాలంటే ఆ ఏటి లెక్కలోనే మార్చు, ఇవాళ్టి లెక్కలో కాదు. ఎవరో అన్నారని ఒక మాట పెడితే అది ఎక్కడ అన్నారో నీ నోట్సులో ఉండాలి, లేకపోతే ఆ మాట వద్దు.

ముందు విల్క్స్-బారీ నుంచి 1975 దాకా తిరగరాసి పంపు. కేబుల్ ఆయనతో మాట్లాడింది దాంతో కలపకుండా విడిగా పంపు, వాళ్లు చెప్పింది చెప్పినట్టే. ప్రింటు తీసి పక్కన ఖాళీ వదులు, నేను పెన్సిల్‌తో రాసి తిప్పి పంపుతాను. చిత్తూరు వస్తే ఇంటికే రా, సంతపేట దగ్గర దిగి ఫోన్ చెయ్యి.