పూజారి ఎప్పుడు రావాలి?

చిరంజీవి తమ్ముడికి,

నీ దెయ్యం సినిమా స్క్రిప్టు పూర్తిగా చదివాను. కాలువ గట్టు మీది ఇల్లు, కొబ్బరితోటల చీకటి బాగా పట్టుకున్నావు. పూజారి వచ్చాకే కథ పట్టు తప్పింది. ఆయన విభూతి చల్లుతాడు, దెయ్యం కాలిపోతుంది. అంతవరకు ఆ ఇంట్లో ఎవరూ దీపం వెలిగించిన పాపాన పోలేదు! దేవుణ్ని చివరి పావుగంటకు కిరాయికి పిలిపించినట్టుంది.

ముందు ఆ ఇంటి నిత్యపూజ రాయి. అత్తగారు తెల్లవారగానే గడపకు పసుపు రాసి బొట్లు పెడుతుంది, తులసికోటలో చెంబెడు నీళ్లు పోస్తుంది. ఆ వరస రెండుసార్లు చూపించు. మూడోనాడు ఆవిడ పసుపు గిన్నెతో గడప దాకా వచ్చి, రాయకుండానే వెనుదిరిగితే చాలు. నేపథ్య సంగీతం కూడా అక్కర్లేదు.

‘ది ఎగ్జార్సిస్ట్’ (1973) నీకు ఇష్టమన్నావు. అందరికీ గుర్తుండేది భూతం పట్టిన పిల్ల మెడ తిరగడమే. నువ్వు మాత్రం ఆసుపత్రి సన్నివేశాలు మళ్లీ చూడు. పరీక్షల మీద పరీక్షలు చేసి, ఏమీ తేలక, చివరికి డాక్టర్లే భూతం వదిలించే క్రతువు మాట ఎత్తుతారు. ఆ పిల్ల తల్లి ఆశ్రయించిన ఫాదర్ కారస్ స్వయంగా మనోవైద్యుడు, పైగా తన విశ్వాసమే సడలిందని నలిగిపోతున్నవాడు. ఆపైన బిషప్ అనుమతి కావాలి. ఇన్ని అడ్డంకులు దాటి వచ్చింది కాబట్టే ఆ ప్రార్థనకు అంత బరువు. ఊపిరి ఆవిరిగా కనబడాలని దర్శకుడు ఫ్రీడ్‌కిన్ ఆ పిల్ల పడకగది సెట్టును గడ్డకట్టేంత చల్లబరిచాడు. ఆ చలి నువ్వు అరువు తెచ్చుకోకు. వేసవిలో కాలువలు కట్టేశాక అడుగున మిగిలే బురద వాసన, గాలి ఆడని ఉక్క మనకున్నాయి.

అసలు సంగతి ఇది. నీ కథలో దేవుడు ఒక గట్టున, దెయ్యం ఇంకో గట్టున ఉన్నారు. మన పల్లెల్లో భయం అంత తేలిగ్గా విడిపోదు. మశూచి తెచ్చేదీ అమ్మవారే, దించేదీ అమ్మవారే అని మన పెద్దలు నమ్మారు. రోగి పక్క మీద వేపాకులు పరిచి, ఆవిడే ఇంట్లో దిగినట్టు మాట తగ్గించి మసలేవారు. జాతరలో గరగలు, అంటే అమ్మవారి పేర తలకెత్తుకుని తిరిగే కలశాలు, వాకిట్లోకి వచ్చినప్పుడు నీళ్లు పోసి మొక్కే ఇల్లాలి కళ్లలో భక్తి ఎంతో, బెదురూ అంతే. పూనకం వచ్చిన పక్కింటావిడ ‘నా మొక్కు ఎందుకు మరిచారు?’ అని అడిగిందనుకో. తప్పు ఊరిదే అయినప్పుడు ఎవరి మీద విభూతి చల్లుతావు?

పుర్రెల దండ మంత్రగాణ్ని తీసెయ్. వాణ్ని చూసి ఇప్పుడు పిల్లలు కూడా నవ్వుతున్నారు.

ఇంకొకటి. ద్రాక్షారామంలో పూజారి కింద నిలబడి లింగం శిరసు మీద పాలు పోస్తున్నట్టు రాశావు. అక్కడి లింగం భీమేశ్వరుడు కింది అంతస్తు నుంచి పై అంతస్తు దాకా ఉంటాడు, అభిషేకం పై అంతస్తు నుంచి చేస్తారు. ఒకసారి వెళ్లి చూసొచ్చి, ఆ సన్నివేశం తిరగరాసి పంపు.

ఆశీస్సులతో,
అన్నయ్య